ఖాళీగ వదిలిన గడి

చాదర్‌ఘాట్ వంతెన దాటినంక మా ఠాణా.
గోడ గడియారం పది నిమిషాలు వెనక నడుస్తది.
నేను రైటర్ను. ఇరవై రెండేండ్ల సంది
దాన్ని చూసే కాయితం మీద కాలాన్ని రాస్తున్న.

బల్ల మీద నర్సింగు.
నిన్న పగటాల తెచ్చిండ్రు.
కాయితం మీదికి మాత్రం ఇంకా రాలేదు.
ఊకె మాట్లాడేందుకు పిలిచినం అంటరు గదా,
ఆ "ఊకె"కు గొళ్లెం ఉంటది,
బయటి దిక్కు.

పోయింది బంగారం కాదు.
అజంపుర జుబేదా ఖాతూన్ కుట్టుమిషన్.
తలకాయ విప్పుకపోయిండ్రు,
కాళ్లు ఇడిచిపెట్టిండ్రు.
రోజూ వస్తది ఆమె.
నాలుగు మడతల ఫిర్యాదు నకలు తీసి
నేను రాసిన అక్షరాలు నాకే చూపిస్తది.

రాత్రి పదకొండు. ఏఎస్సై దశరథం అన్నడు:
"అరెస్టు గడిల ఇయ్యాల సాయంత్రం ఏడు అని రాయి.
పొద్దటికల్లా వాడే చెప్తడు."

వాడే చెప్తడు.
నాకు ఎరుకే ఆ మాట.
నా కుడి అరచేతికి ఇంకా బాగ ఎరుక.
కొత్తల, ఎల్లేశ్ అనెటోడు
ఒక్క రాత్రిల తొమ్మిది సైకిళ్లు ఒప్పుకున్నడు.
పోయినవి ఆరే.

పోలీసోని ముందు ఒప్పుకున్నది కోర్టుల చెల్లదు.
మాకు చెప్పిన వాంగ్మూలం కింద సంతకం తీసుకోవద్దు.
చట్టానికి మా మీద ఆ మాత్రం అనుమానం ఉన్నది.
ఒకప్పుడు కోపమొచ్చేది.
ఇప్పుడు ఇంటికి పోయి
అదే చేత్తోని అన్నం కలుపుకునేటప్పుడు
ఆ అనుమానమే నయమనిపిస్తది.

గడి ఖాళీగ వదిలిన.
పెద్ద ధైర్యమేం కాదు,
పెన్నుల సిరా అయిపోయిందన్న.

తెల్లారగట్ల ఎస్సై మేఘమాల మేడం వచ్చింది.
హెల్మెట్ తీయకుంటనే రిజిస్టర్ చూసింది,
బల్ల దిక్కు చూసింది.
"ఎప్పుడు తెచ్చిండ్రు?"
దశరథం ఫ్యాను దిక్కు మొఖం పెట్టిండు.
"నిన్న రెండింటికి మేడం, గడియారంల.
అసలుకు రెండు పది."
నా పెన్నే అడిగి తీసుకున్నది.
సిరా ఉన్నది దాంట్ల. ఏమనలేదు.

డైరీల రాసింది:
రెండు పదికి తెచ్చినం. ఆధారం లేదు.
ఐదు నలభైకి పంపినం.
కింద తన పేరు, మెమో వస్తదని తెలిసి గూడ.

తర్వాత నడకే.
పాన్‌డబ్బా మీది కెమెరాల ఆటో నంబరు సగం.
ముప్పై ఏండ్ల కిందటి రసీదు మీద మిషన్ నంబరు,
పసుపు మరకల కింద.
జుమ్మేరాత్ బజార్ల నల్లాలు, పాత ఫ్యాన్ల కుప్ప కింద
దొరికింది తలకాయ.
పంచులు ఇద్దరు: ఇరానీ హోటల్ గల్లాపెట్టె మనిషి,
తాళాలు చేసే పెంటోజీ.
ఇద్దరూ కండ్లారా నంబరు చదివినంకనే
సంతకం పెట్టిండ్రు.
గుడ్డ, లక్క, ముద్ర.

అమ్మింది ఎవలు?
నర్సింగే.

"చూసినవా, వాడే!" అన్నడు దశరథం.
అవును, వాడే.
ఈసారి గడిల నిజం టైం ఉన్నది,
వాని తల్లికి ఫోన్ చేసిన టైం గూడ.
నాంపల్లి కోర్టుకు పోంగ
వ్యానుల వాడు కిటికీకెళ్లి బయటికి చూసుకుంట పోయిండు.

జుబేదా వచ్చింది.
మిషన్ సంగతి అడగలేదు ముందుగాల.
"మారే క్యా బచ్చే కో?"
నై, అమ్మా.
ఈసారి, అన్న మాట మింగిన.

మాల్‌ఖానా జాలికి మొఖం ఆనిచ్చి చూసింది.
నూనె ఎయ్యొచ్చా అన్నది.
సీలు తీయరాదు, కోర్టు ఆర్డరొచ్చేదాక.
తుప్పు పడితే?
దానికి ఏ సెక్షన్ చెప్పాలె నేను?

పోయేటప్పుడు సంచిలకెళ్లి
చిటికెనేలంత నూనెబుడ్డి తీసి
నా బల్ల మీద పెట్టింది.
సీలు తీసిన్నాడు ఒక్క చుక్క ఎయ్యి బేటా, అన్నది.
రిజిస్టర్ పక్కనే ఉన్నది బుడ్డి.
ఏ గడిలనూ రాయలేదు దాన్ని.